చుక్క తర్వాత అంకె

ఆసుపత్రి పై అంతస్తు. కిటికీ పక్క మంచం మీద తమ్ముడు, స్టూలు మీద అక్క. మధ్యాహ్నం రౌండ్లకి డాక్టరు ఇంకా రాలేదు.

"అది కాదురా, తాగుతానని చెప్పావటగా డాక్టరుకి?"

"ఆ... ఏదో అడిగారు. చెప్పాను."

"ఏదో అడిగితే ఏదో చెప్పెయ్యడానికి అదేమన్నా పొడుపుకథా? నువ్వు ఎప్పుడు తాగావురా?"

"అప్పుడప్పుడూ."

"ఎప్పుడప్పుడు? ఎవరితో? నీ స్నేహితుడి పెళ్లిలో ఎవడో గ్లాసు తెచ్చి నీ పక్కన పెడితే ఆ వాసనకే కక్కుకుని, ఇంటికొచ్చి తల పట్టుకుని పడుకున్నావు. మజ్జిగ ఇచ్చి కూర్చోబెట్టింది నేను. మర్చిపోయావా?"

"అక్కా, మెల్లిగా. పక్క మంచం తాతగారు పడుకున్నారు."

"ఆయనకి చెవుడు. నిన్న నర్సు అరిచి అరిచి గొంతు పోగొట్టుకుంది. నువ్వు మాట మార్చకు."

"నేనేం మార్చట్లేదు. నీకు కింద పని లేదా? సీట్లో కూర్చోకుండా మాటిమాటికీ పైకొస్తోందని ఎవరైనా అంటే?"

"అననీ. ఈ ఆసుపత్రిలో ఇన్నేళ్లుగా కింద కూర్చుని బీమా కాగితాల్లో అందరి రోగాలకీ అంకెలు వేస్తున్నాను. గుండెపోటుకి ఒక అంకె, కుక్క కరిస్తే ఒక అంకె, మంచం మీంచి దొర్లిపడితే ఒక అంకె. ఇప్పుడు నా తమ్ముడికి అంకె వెయ్యాల్సొస్తే నా చేతులు కట్టేశారు."

"ఎవరు కట్టేశారు?"

"రూలు. మన వాళ్ల ఫైలు మనం ముట్టుకోకూడదు. నీ ఫైలు నా పక్కసీటావిడకి వెళ్లింది. ఆవిడ పొద్దున్నించీ దాన్ని ముందేసుకుని కూర్చుంది పాపం. ఈ అబ్బాయికి ఎముక ఎందుకు చచ్చిపోయిందో డాక్టరు రాయలేదండీ, ఏం వెయ్యమంటారు అని మళ్లీ నన్నే అడుగుతోంది."

"ఏదో ఒకటి వేసెయ్యమను."

"కూరలో ఉప్పా ఏదో ఒకటి వేసెయ్యడానికి? విను, నీ బుర్రకెక్కేలా చెప్తాను. ఎముక చచ్చిపోతే ఒక అక్షరం, దాని పక్కన ఎనభై ఏడు. అక్కడ ఒక చుక్క. చుక్క దాకా అందరికీ ఒకటే. చుక్క తర్వాత వేసే అంకె ఉంది చూశావూ, అదీ ఎందుకు చచ్చిపోయిందో చెప్పేది. సున్నా వేస్తే దానంతట అదే చచ్చిపోయిందని. ఒకటి వేస్తే వాడిన మాత్రల వల్ల అని. రెండు వేస్తే పాత దెబ్బ వల్ల అని. వింటున్నావా?"

"వింటున్నా. బ్రెడ్ ముక్క ఏమైనా మిగిలిందా?"

"డబ్బాలో ఉంది. నా మాట అయ్యాక తిందువుగాని. ఆ తర్వాత అంకెలు ఏ ఎముకో, కుడో ఎడమో చెప్తాయి. కుడి కాలని రాశారు. మోకాలి కింద పెద్ద ఎముకని రాశారు. అన్నీ రాశారు, ఆ ఒక్కటే రాయలేదు."

"ఆ అంకె లేకపోతే ఏమవుతుంది?"

"నీకు కాలుండదు. అలా చూడకు. భయపెట్టడానికి అనలేదు. భయపడాలనే అన్నాను. మీ కంపెనీ బీమా పనిలో తగిలిన దెబ్బలకే వస్తుంది. దెబ్బ వల్ల అని డాక్టరు రాస్తే చచ్చిన ముక్క తీసేసి, నీ తుంటిలోంచి ఎముక తెచ్చి అక్కడ అతికించే ఆపరేషనుకి వాళ్లు ఒప్పుకుంటారు. తాగుడు వల్ల కూడా ఎముక చస్తుంది, అలా అని రాస్తే ఒప్పుకోరు. ఊరికే వచ్చిందంటే ఒప్పుకోరు. అప్పుడు నిన్ను కింద ఉచిత వార్డుకి దించుతారు. అక్కడ అతకడాలూ గితకడాలూ లేవు. మోకాలి కిందికి తీసేస్తారు, అంతే."

"మాత్రలతో తగ్గదా?"

"చచ్చిపోయినదానికి మాత్రలేంట్రా?"

"సరే, అంత తెలిసినదానివి, ఆ పక్కసీటావిడ చెవిలో చెప్పి రెండు వేయించెయ్యి. గొడవ వదిలిపోతుంది."

"అలా కుదిరితే నీ దగ్గర కూర్చుని నీ మొహం చూస్తానా? మా పనిలో డాక్టరు రాయనిది జరగనట్టే. నువ్వు నా కళ్లముందు కాలు నలగ్గొట్టుకున్నా సరే, ఆయన రాయకపోతే జరగలేదు. మేం ఊహించి వెయ్యకూడదు. ఆయనకి ప్రశ్న రాసి పంపాలి. పంపాం. మళ్లీ పంపాం. ఆఖరికి ఇవాళ పొద్దున్న నేనే మెట్లమీద ఆయన్ని అటకాయించాను. ఆయనేమన్నారో తెలుసా?"

"ఏమన్నారు?"

"ఎక్స్‌రే ఫొటోలో పాత పగులు గీత కనిపిస్తోందమ్మా, రెండువైపుల నుంచీ నలిగినట్టుంది, నాకూ అనుమానంగానే ఉంది అన్నారు. కానీ నేను ఎన్నిసార్లు అడిగినా మీ తమ్ముడు దెబ్బే తగల్లేదంటున్నాడు, పేషెంటు లేదన్నది ఉందని నేనెలా రాయను అన్నారు. పైగా తాగుతానని తనే చెప్పాడు అన్నారు. నా తల తీసేసినట్టయింది. ఇవాళ రౌండ్లలో ఇంకోసారి అడుగుతారట. తర్వాత సంతకం పెట్టేస్తారట. సంతకం పెట్టాక ఇక మార్చరు."

"అక్కా, కిటికీ కొంచెం మూస్తావా? ఎండ కంట్లో పడుతోంది."

"పడనీ. ఆ ఎండలోనైనా నీ మొహం సరిగ్గా కనపడుతుంది నాకు. దెబ్బ తగిలిందా లేదా?"

"కాలు బెణికిందని అప్పుడే చెప్పానుగా."

"బెణికితే ఎముక చస్తుందా? అలా అయితే ఈ లోకంలో సగం మంది మంచాల మీదుండాలి. ఆ రోజు మీ బావ నిన్ను మోసుకొచ్చి గుమ్మంలో దింపారు. పాదం నుంచి మోకాలి దాకా వంకాయ రంగు. ఆసుపత్రికి పద, నేను పనిచేసే చోటేగా అంటే, వద్దక్కా వద్దక్కా, కట్టు కట్టించుకున్నాను చాలు అన్నావు. మీ బావ కూడా, వాడు వద్దంటున్నాడుగా వదిలెయ్ అన్నారు. వదిలేశాను. నాకు బుద్ధి లేదు."

"నీ తప్పేం లేదు."

"తప్పెవరిదో తర్వాత చూద్దాం. ఇదిగో, కాఫీ తాగు. మీ బావ ఫ్లాస్కులో పోసిచ్చారు. సగం గట్టుమీద ఒలకబోశారు, మిగతా సగం నీకు."

"బావ పోశాడా?"

"ఆయనే. ఈ మధ్య నన్ను వంటింట్లోకి రానివ్వట్లేదు. నా కాన్పుకి కూడా ఇంత చెయ్యలేదు మనిషి. నిన్న నీ కాలు ఒళ్లో పెట్టుకుని, చంటిపిల్ల కాలు పట్టుకున్నట్టు ఎంతసేపు కూర్చున్నారో చూశావుగా. కానీ ఏం లాభం, ఎడమపక్కన ఏది పెట్టినా తన్నెయ్యడమే. గ్లాసు ఎడమపక్క పెడితే చెయ్యి తగిలి పోతుంది. తలుపు ఎడమ రెక్క వేసుంటే భుజం కొట్టుకుంటుంది. నేను ఎడమపక్కన నిలబడి మాట్లాడితే, ఎక్కడున్నావే అంటారు. నేనేమన్నా దెయ్యాన్నా?"

"కంటి డాక్టరుకి చూపించమని నువ్వు చెప్పొచ్చుగా."

"చూపిస్తే బండి మీంచి దింపేస్తారుగా. మీ గోడౌన్‌లో సరుకులెత్తే ఆ ఫోర్క్‌లిఫ్ట్ నడిపేవాళ్లకి చూపు బావుందని ఏటేటా సంతకం చేయించుకుంటారట. ఈ ఒక్క ఏడాదీ ఎలాగో లాగించండి, అమ్మాయి చదువైపోతుంది అని నేనే అన్నాను. ఇప్పుడు చూడు, తనంతట తనే అడిగి గేటు దగ్గర డ్యూటీ వేయించుకున్నారు. ఎందుకండీ అంటే ఎండ తగలదు అంటారు. గోడౌన్ లోపల ఎండేంటి? నాకైతే అర్థం కాదు ఆ మనిషి."

"కాఫీ బావుంది."

"ఇంకా తాగందే బావుందంటావేం? తాగు. తాగి చెప్పు."

"చెప్పడానికేం లేదక్కా."

"సరే. నువ్వు చెప్పొద్దు. నేను చెప్పింది చెప్పు చాలు. పనిలో జారిపడ్డానని చెప్పు. జారిపడ్డం నేరం కాదుగా?"

"ఇంట్లో పడ్డానంటే?"

"ఇంట్లో పడితే బీమా రాదని ఇప్పుడేగా చెప్పాను. పనిలో పడాలి. గోడౌన్‌లో, సామాను ఎత్తుతుంటే, కాలు జారింది. ఇందులో కష్టమేముంది?"

"పనిలో అంటే విచారణకి మనిషిని పంపుతారు."

"పంపనీ. నేను టీ ఇచ్చి కూర్చోబెడతాను."

"నువ్వు టీ ఇస్తావు. వాళ్లు కెమెరా చూస్తారు. గోడౌన్ నిండా కెమెరాలే. పాతవన్నీ దాచి ఉంచుతారట. ఏ రోజు, ఏ వరస, ఏ మూల అని అడిగి తీయించి చూస్తారు."

"చూడనీ."

"చూడనీ అంటావేంటి?"

"చూస్తే నీకేం? ఏముందిరా అందులో?"

"ఏం లేదు."

"ఏం లేకపోతే జారిపడినట్టు లేదని తేలుతుంది, అంతేగా. నీ మొహం ఎందుకలా పాలిపోయింది?"

"కాలు లాగుతోంది."

"కాలు నిన్నటినుంచీ లాగుతోంది. మొహం ఇప్పుడు పాలిపోయింది. అంటే అక్కడే జరిగింది. గోడౌన్‌లోనే."

"నేనలా అన్నానా?"

"అనలేదు. కెమెరా అన్నావు. రెండువైపుల నుంచీ నలిగిందని డాక్టరు చెప్పారు. ఇటు ఇనప రాక్, అటు ఫోర్క్‌లిఫ్ట్. మధ్యలో నీ కాలు. అంతేనా?"

"నీళ్లు కావాలక్కా."

"చేతిలో కాఫీ ఉంది. అంతేనా? తల దించుకున్నావంటే అంతేనన్నమాట. అయ్యో నాయనా. అంత బరువు బండి. నువ్వు అరిచావా?"

"అరిచాను."

"ఎంతసేపు?"

"ఎంతోసేపు కాదులే. అరవగానే ఆపేశాడు."

"ఎవడు?"

"ఎవరో ఒకళ్లు. వదిలెయ్."

"ఎవడో చెప్పు. మీ గోడౌన్‌లో బండి నడిపేవాళ్లు పదిమందీ ఇరవైమందీ లేరు, అందరూ మా ఇంటికొచ్చి తిన్నవాళ్లే. ఆ బట్టతలాయనా? ఆ ఫోను చెవికి అంటించుకుని తిరిగే కుర్రాడా? వాడే అయ్యుంటాడు. వాడికి ఫోనే లోకం."

"వాడు కాదు. వాడిమీద పెట్టకు, ఉసురు తగుల్తుంది."

"మరెవడు? వాడెవడైనా సరే, వాడి చేత ఊచలు లెక్కపెట్టిస్తాను. పోయినేడు మీ గోడౌన్‌లోనే లోడింగు చేసే పెద్దాయన్ని బండితో గుద్దినవాడు ఇప్పటికీ జైల్లోంచి బయటికి రాలేదు. వీణ్ణీ అక్కడికే పంపిస్తాను."

"వాడికీ పెళ్లాం ఉంటుందిగా అక్కా. పిల్లలుంటారు."

"ఉంటే? నాకు తమ్ముడు లేడా?"

"వాళ్లేమైపోతారు?"

"ఏమైపోతే నాకేం? ఆవిడొచ్చి నీకు కాలిస్తుందా? నీ కాలు నలగ్గొట్టి ఇంటికెళ్లి అన్నం తిని పడుకున్నవాడి పెళ్లాం గురించి నేనెందుకు ఏడవాలి? ఆవిడ వచ్చి నా కాళ్లమీద పడినా సరే, లేవమ్మా, మొగుణ్ణి అదుపులో పెట్టుకోవాల్సింది అంటాను."

"అలా అనకక్కా."

"ఎందుకనకూడదు?"

"ఊరికే. అలా అనకు."

"నువ్వు చెప్పకపోతే మానెయ్. మీ బావనడుగుతాను. ఆ గోడౌన్‌లో ఆయనకి తెలీకుండా ఈగ కూడా వాలదు."

"బావనడగొద్దు."

"ఎందుకడగొద్దు?"

"వద్దు. నా మీద ఒట్టు. ఫోను లోపల పెట్టు."

"ఒట్లూ గిట్లూ నా దగ్గర పనిచెయ్యవు. ఆగు, మాట్లాడుతున్నాను. ఏమండీ... ఆ, పైనే ఉన్నాను, వాడి దగ్గరే. తిన్నాడు. తిన్నాడండీ, రెండు ఇడ్లీ... కాదు, బ్రెడ్డు తిన్నాడు. లేదు, డాక్టరు ఇంకా రాలేదు. ఏమండీ, ఒకటడుగుతాను, సూటిగా చెప్పండి. ఆ రోజు వీడి కాలు... హలో? వినపడుతోందా? ఆ రోజు... ఒరేయ్, వదులు. వదలరా ఫోను, చేతికి సూది ఉంది నీకు."

"బావా, నేను. ఏం లేదు, అక్క ఊరికే... బావున్నాను. చాలా తగ్గింది. మాత్రలు మార్చారు. వాపు కూడా తగ్గింది, నిజం. నువ్వు రాకు. ఎందుకొస్తావు డ్యూటీ వదిలి? వద్దంటే వద్దు బావా. రేపు రా. నువ్వు తిన్నావా? ఏడుస్తావేంటి, నాకేమైందని? పెట్టేస్తున్నా. పెట్టేశా. ఫోను ఇదిగో అక్కా."

"ఏడుస్తున్నారా?"

"జలుబు."

"ఏడుస్తావేంటి అన్నావు."

"జలుబు చేస్తే గొంతు అలాగే ఉంటుంది."

"తగ్గిందని అబద్ధం ఎందుకు చెప్పావు? కాలు ఉంటుందో పోతుందో ఇవాళ తేలిపోతుంటే, మాత్రలు మార్చారు, వాపు తగ్గింది. ఆయనకి తెలీదా ఇదంతా?"

"తెలీదు. తెలియనివ్వకు."

"నాకిప్పుడు అర్థమైంది. ఆయనకి కూడా తెలుసు ఎవడు గుద్దాడో. బావా బావమరదులు ఇద్దరూ కలిసి ఎవణ్ణో దాస్తున్నారు. స్నేహం పేరుతో. మగవాళ్ల స్నేహాలు తగలెయ్య, ఆడవాళ్ల కొంపలు ముంచడానికే ఉన్నాయి."

"స్నేహం కాదు."

"మరేంటి? వాడు మీకేం చేశాడని అంత విశ్వాసం?"

"చేశాడక్కా. చాలా చేశాడు నాకు."

"కాలు తీసేసేటంత చేశాడా?"

"వాడు కావాలని చెయ్యలేదు. నేను వెనకాల పెట్టెలు సర్దుతున్నాను. బండి వెనక్కొచ్చింది. నేను చేతులూపాను. చూడలేదు."

"రాత్రా?"

"పగలే. లైట్లన్నీ వెలుగుతున్నాయి."

"తాగున్నాడా?"

"వాడు తాగడు."

"ఫోనులో ఉన్నాడా?"

"లేడు. జాగ్రత్తగానే నడుపుతున్నాడు. మెడ తిప్పి మరీ చూస్తున్నాడు."

"మెడ తిప్పి చూస్తున్నవాడికి, పట్టపగలు, ఆరడుగుల మనిషివి చేతులూపుతుంటే కనపడకపోవడమేంట్రా? ఎవరికి చెప్తావు ఈ కథ?"

"నేను బండికి ఎడమపక్కన నిలబడ్డానక్కా."

"నిలబడితే? నిలబడితే ఏం..."

"అక్కా."

"కాఫీ చల్లారిపోతోంది."

"అక్కా, ఇటు చూడు."

"ఇంకొంచెం వేడిది పొయ్యనా? ఫ్లాస్కులో ఉంది. మూత ఎక్కడ పెట్టానో."

"మూత నీ చేతిలోనే ఉంది. కూర్చో. కూర్చో అక్కా. ఏడిస్తే నర్సు వస్తుంది."

"ఏడవట్లేదు. నేనేమన్నాను ఇందాక? ఆవిడ నా కాళ్లమీద పడినా..."

"అది వదిలెయ్. నీకు తెలీదుగా."

"తెలుసు. ఎడమపక్క కనపడదని నాకు తెలీదా? రోజూ గ్లాసులు ఏరుకునేది నేను కాదా? ఈ ఒక్క ఏడాదీ లాగించండి అన్నది నేను. నేనే అన్నానురా. ఆయన చూపించుకుంటాననే అన్నారు."

"ఎవరనుకుంటారు ఇలా అవుతుందని."

"నాకు చెప్పలేదు ఆయన. ఇన్నాళ్లూ పక్కనే పడుకుని చెప్పలేదు."

"నేనే వద్దన్నాను. నన్ను మోసుకొచ్చేటప్పుడు దారంతా చెప్పేస్తాను చెప్పేస్తాను అని గొణుగుతూనే ఉన్నాడు. వద్దు బావా, బెణికింది అంతే, వారంలో లేస్తాను అన్నాను. నిజంగా అంతే అనుకున్నానక్కా. ఎముక చచ్చిపోతుందని నాకేం తెలుసు? నెలలు గడిచాక నొప్పి లేచింది. అప్పటికి మాట ముదిరిపోయింది."

"ఇప్పుడైనా చెప్పొచ్చుగా."

"ఇప్పుడు చెప్తే ఏమవుతుందో నువ్వే అన్నావుగా. లోడింగు పెద్దాయన్ని గుద్దినవాడు ఇంకా బయటికి రాలేదు. వాడికి చూపు బాగానే ఉంది. బావ చూపు లేకుండా, ఉందని సంతకం పెట్టి నడిపాడు. ఇంకెన్నాళ్లు పెడతారు? ఈ వయసులో? షుగరు మనిషిని?"

"అబ్బా, ఆపరా."

"చిన్నప్పుడు నేను మీ ఇంట్లో ఉండడానికి వచ్చినప్పుడు నాకు చొక్కా గుండీలు పెట్టుకోవడం రాదు. బావే పెట్టేవాడు. నువ్వు కొట్టబోతే అడ్డమొచ్చేవాడు. ఆయన్ని వేలెత్తి చూపించి నా కాలు నిలబెట్టుకోమంటావా?"

"కాలు లేకపోతే ఎలా బతుకుతావురా? బరువులు మోసేవాడివి."

"కూర్చుని చేసే పని చూసుకుంటాను. నువ్వు కూర్చునే చేస్తున్నావుగా. నాకూ నేర్పు, చుక్కలూ అంకెలూ."

"నవ్వించకు."

"నవ్వించట్లేదు. నాకూ భయంగానే ఉంది. నిన్న దుప్పటి కింద చెయ్యి పెట్టి తడుముకున్నాను. ఉందా అని. ఉంది, వెచ్చగా. చచ్చిపోయిందంటే నమ్మబుద్ధి కాలేదు."

"ఆయన్ని పిలుస్తాను. ఆయనకి తెలియాలి. నీ కాలు తీసేస్తారని తెలిస్తే ఆయన ఒక్క క్షణం ఆగరు."

"అందుకేగా రావద్దన్నది. ఆగడు. తిన్నగా వెళ్లి చెప్పేస్తాడు. నువ్వు అది కోరుకుంటే పిలువు."

"నన్నెందుకు అడుగుతావు?"

"ఇంకెవరినడగను? నాకు కాలు కావాలి అక్కా. బావ కూడా కావాలి. తేల్చుకోలేక తాగుతానని చెప్పాను. ఇప్పుడు నీకు తెలిసింది కాబట్టి నువ్వే చెప్పు. దెబ్బ తగిలిందని చెప్పమంటే డాక్టరు రాగానే చెప్పేస్తాను. వద్దంటే నోరెత్తను. నువ్వేదంటే అది. నిన్ను ఒక్కమాట కూడా అనను, ఎప్పటికీ."

"నేనెలా చెప్తానురా? నా నోటితో నేనెలా చెప్తాను?"

"నీ ఫోను మోగుతోంది. బావేనా?"

"ఆయనే."

"ఎత్తుతావా?"

"తెలీదు."

"ఎత్తితే అడుగుతాడు, డాక్టరు ఏమన్నారని."

"తెలీదన్నానా. నన్ను కంగారు పెట్టకు."

"ఆగిపోయింది."

"మళ్లీ చేస్తారు. ఆయనకి ఆగదు."

"అదిగో, మళ్లీ. అక్కా, డాక్టరుగారు కూడా వచ్చేశారు."

"ఏం తాతగారూ, నిద్ర బాగా పట్టిందా? నొప్పి తగ్గిందా? అలాగే, అలాగే, సాయంత్రం మళ్లీ చూస్తాను. ఏమ్మా, ఇక్కడే ఉన్నారా మీరు? కూర్చోండి, కూర్చోండి. మీ ఫోను మోగుతున్నట్టుంది, మాట్లాడేసి రండి, నేనాగుతాను."

"పర్లేదు డాక్టరుగారూ. తర్వాత మాట్లాడతాను."

"సరే. ఏం బాబూ, ఎలా ఉంది కాలు?"

"అలాగే ఉందండి."

"నీ కాగితాలు నా సంతకం కోసమే ఆగాయి. కింద నుంచి మీ అక్కయ్యగారి సెక్షనువాళ్లు ప్రశ్నల మీద ప్రశ్నలు పంపుతున్నారు. ఆఖరిసారి అడుగుతున్నాను. బాగా ఆలోచించుకుని చెప్పు. ఈ కాలికి ఎప్పుడైనా దెబ్బ తగిలిందా?"

"ముందే చెప్పానుగా డాక్టరుగారూ."

"ముందు చెప్పింది నాకు నమ్మబుద్ధి కావట్లేదు. నిజం చెప్తే నీ కాలు నిలబెట్టడానికి నేను చెయ్యగలిగింది చాలా ఉంది. చెప్పకపోతే ఏమీ లేదు. ఏదైనా నలిగిందా? మీద పడిందా?"

"మా అక్కనడగండి."

"మీ అక్కనెందుకు అడగడం? కాలు నీది. సరే, మీరు చెప్పండమ్మా. పొద్దున్న మెట్లమీద నన్ను పట్టుకుని వదల్లేదు, దెబ్బ వల్లే అని రాయండి, రాయండి అని. ఇప్పుడు ఏమైనా చెప్పాడా మీతో? పెన్ను తీశాను. ఏం రాయమంటారు? అమ్మా?"

"పేషెంటు ఇంతకుముందు ఏం చెప్పాడో అదే రాయండి డాక్టరుగారూ."